పూతకు ముందే స్టే

నూజివీడు, ముసునూరు, చాట్రాయి, ఆగిరిపల్లి. ఈ మామిడి నేలలో మన లంబాడీ తండాలకూ, యానాది, ఎరుకల కాలనీలకూ ఇంజక్షన్ అంటే రెండే. ఒకటి ఆసుపత్రి సూది, రెండోది అమీనా తెచ్చి చేతిలో పెట్టే కోర్టు కాగితం. సూది జ్వరం తగ్గిస్తుంది. కాగితం ఎవరి జ్వరం తగ్గిస్తుందో, ఎవరికి కొత్తగా తెప్పిస్తుందో మాత్రం కోర్టు గుమ్మం ముందుగా ఎవరు తొక్కారన్నదాన్ని బట్టి ఉంటుంది. మా తగాదా ఈ ‘ముందు’తోనే.

చట్టం మాట వింటే బాగానే ఉంటుంది. భూమిలో స్థిరంగా ఉన్నవాణ్ణి అసలు హక్కుదారైనా సరే బలవంతంగా గెంటకూడదు, కోర్టు ద్వారానే రావాలి. 2003లో రామేగౌడ కేసులో సుప్రీంకోర్టు ఇదే చెప్పింది. 1963 నాటి నిర్దిష్ట ఉపశమన చట్టం 6వ సెక్షన్ ఇంకా ముందుకు పోయింది. గెంటేసిన ఆరు నెలల్లోగా దావా వేస్తే, హక్కు ఎవరిదన్న ప్రశ్న లేకుండానే స్వాధీనం తిరిగి ఇప్పించాలంది. గెంటింది ప్రభుత్వమైతే మాత్రం ఆ సెక్షన్ నోరెత్తదు. ఎవరు రాసుకున్న చట్టమో మరి!

ఆచరణలో ఏం జరుగుతోంది? దున్నేవాడు మనవాడు, కాగితం పుట్టించుకున్నవాడు మరొకడు. ఆ రెండోవాడు ‘భూమి నా స్వాధీనంలోనే ఉంది, వీళ్లు దౌర్జన్యంగా వస్తున్నారు’ అని అఫిడవిట్ వేస్తాడు. మనకు కబురే లేకుండా తాత్కాలిక ఇంజక్షన్ వస్తుంది. పుట్టి పెరిగిన చేలోకి మనం పోతే అది కోర్టు ధిక్కారం! సివిల్ ప్రొసీజర్ కోడ్ 39వ ఆర్డర్ ప్రకారం ముందు నోటీసివ్వడమే నియమం, ఇవ్వకపోవడం మినహాయింపు. అలా ఇచ్చిన ఉత్తర్వును 30 రోజుల్లో తేల్చడానికి కోర్టు ప్రయత్నించాలని కూడా అందులోనే ఉంది. ఆ 30 రోజుల్లో ఎన్ని కాపులు గడిచిపోయాయో తోటల్ని అడగాలి.

వరి చేను అయితే ఒక పంట పోయిందనుకోవచ్చు. మామిడి అలా కాదు. నాటిన నాలుగైదేళ్లకు కాపు పడితే తరాల పాటు కాస్తూనే ఉంటుంది. పూత మీదే వ్యాపారి తోట మాట్లాడుకుంటాడు, బయానా చేతులు మారుతుంది. కాబట్టి సంక్రాంతి ముందు ఒక్క స్టే తెచ్చుకుంటే చాలు, ఆ ఏడు సొమ్ము వాడిదే. తీరా రసాలు కోతకొచ్చే మే నెలలో కోర్టులకు వేసవి సెలవులు. కొన్నిసార్లు ‘యథాతథ స్థితి’ అని ఉత్తర్వు వస్తుంది. స్థితి ఏమిటో రాయరు. చెట్టెక్కి కాయ కోసినవాడిదే స్థితి.

అలాగని స్టేలు వద్దంటామా? అనం. పోడు హక్కుల దరఖాస్తులు తిరస్కరించిన వాళ్లను అడవి నుంచి ఖాళీ చేయించమని 2019 ఫిబ్రవరి 13న వచ్చిన ఉత్తర్వును అదే సుప్రీంకోర్టు ఫిబ్రవరి 28న ఆపింది. ఆ స్టే లక్షల కుటుంబాల నెత్తి మీద చూరు నిలబెట్టింది. ఇల్లు కూలకుండా ఆపే స్టే వేరు, దోపిడీకి గొడుగు పట్టే స్టే వేరు. రెంటినీ ఒకటే అనేవాళ్లతోనే మా పేచీ.

2022 ఏప్రిల్‌లో నూజివీడు ఏలూరు జిల్లాలో కలిసింది. బుట్టాయగూడెం ఏజెన్సీ కూడా ఆ జిల్లాదే. అక్కడ 1/70 చట్టం ఉంది. గిరిజనేతరుడి చేతిలో ఉన్న భూమి గిరిజనుడి నుంచి వచ్చిందనే అనుకోవాలి, కాదని వాడే రుజువు చేసుకోవాలి. ఇక్కడ ఆ రుజువు బరువంతా మన నెత్తినే. ఒకే కలెక్టరు, రెండు న్యాయాలు. పోనీ అక్కడైనా సుఖమా? 1970 నాటి ఆ చట్టం చెల్లుతుందని సుప్రీంకోర్టు తేల్చేసరికి 1988 వచ్చింది. ఖాళీ చేయించే ఉత్తర్వులు స్టేల కింద ఏళ్ల తరబడి మగ్గడం ఏజెన్సీలో ఎవరికి తెలియదు?

మనవాళ్లలో ఇంకో జబ్బుంది. స్టే మనకు వచ్చిందంటే డప్పు కొట్టి ఇంటికొచ్చేస్తాం. హక్కు మీదే గట్టి వివాదం ఉన్నప్పుడు ఉత్త ఇంజక్షన్ దావా చాలదు, హక్కు ప్రకటన కూడా కోరాలి అని 2008లో అనాతుల సుధాకర్ కేసులో సుప్రీంకోర్టు విడమరిచి చెప్పింది. అది మన తెలుగు నేల నుంచి పోయిన కేసే. ఫీజు తక్కువని ఉత్త ఇంజక్షన్ దావాతో సరిపెట్టే వకీలును ఈ మాట అడగండి. తగాదా తోట మీద రిసీవరును వేయించి, కాపు వేలం పాడించి, డబ్బు కోర్టులో జమ చేయించమని కూడా అడగండి. 40వ ఆర్డర్ ఉన్నది అందుకే. అప్పుడు వాయిదాల మీద వాయిదాలు కోరే సరదా ఎవరికి తీరుతుందో చూద్దాం.

డబ్బు లేదని వెనక్కి తగ్గొద్దు. షెడ్యూల్డ్ తెగవాళ్లకు ఆదాయంతో పని లేకుండా ఉచిత న్యాయసహాయం ఇవ్వాలని 1987 చట్టమే చెబుతోంది. మండల న్యాయసేవా కమిటీ కోర్టు ఆవరణలోనే ఉంటుంది. పంతుళ్లూ, మీ బడిలో తొమ్మిదో తరగతి పిల్లవాడు అడంగల్‌లో అనుభవదారు గడి ఎక్కడుందో చూపించగలగాలి. తమ్ముళ్లూ, చెల్లెళ్లూ, అవతలివాడు కోర్టుకు పోతాడన్న అనుమానం రాగానే కేవియట్ వేయండి. మన మాట వినకుండా ఉత్తర్వు ఇవ్వకుండా అది అడ్డుపడుతుంది. దాని ఆయుష్షు 90 రోజులే. నవంబరు చివర్లో వేస్తే పూత కాలమంతా కాస్తుంది. ఫిబ్రవరిలో పిందె పడేనాటికి మళ్లీ వేయాలి.