దస్తరముల తాళపుచెవి

దొరతనమువారి చరిత్ర వ్రాయబూనినవాడు దొరతనమువారి కాగితములనే నమ్ముకొనవలసివచ్చుట చిత్రమే. శిక్ష వేసినవారే ఆ శిక్షకు లెక్కయు వ్రాసియుంచిరి. ఆ లెక్కను చదువుటయందు సర్వేపల్లి గోపాలుగారి వంటి దిట్టలు మనలో కొలదిమందియే. ఆయన 1923లో చెన్నపట్టణమున జన్మించి, 2002లో అచ్చటనే గతించిరి. రాధాకృష్ణపండితుని కుమారుడని యందరు నెరుగుదురు. తెలుగువారిలో పెక్కురు అంతటితో ఆగిపోవుచున్నారు. గ్రంథములను చదివినవారు అరుదు.

ఆక్స్‌ఫర్డునందు ఆయన పరిశోధించినది రిపను ప్రభువు పాలన. ఆ గ్రంథము 1953లో వెలువడినది. మన తాతలు రిపనును దేవునివలె కొలిచిరి. చెన్నపట్టణపు నగరపాలక భవనమునకు నేటికిని ఆయన పేరే. గోపాలుగారు పూజయు చేయలేదు, దూషణయు చేయలేదు. లిట్టను 1878లో దేశభాషా పత్రికలకు వేసిన సంకెల 1882లో త్రెంచినవాడును, ఆ యేడే స్థానిక స్వపరిపాలనకు తీర్మానము చేసినవాడును, ఇల్బర్టు బిల్లు దగ్గర తెల్లవారి యల్లరికి జంకి రాజీపడినవాడును ఒక్క రిపనే. ఆ మనుష్యుని అట్లే మన ముందు నిలిపిరి. ఇర్విను ప్రభువును గూర్చిన గ్రంథము 1957లోను, 1858 మొదలు 1905 వరకు గల బ్రిటిషు రాజనీతిని గూర్చినది 1965లోను వచ్చినవి. రిపను స్వంత లేఖలు బ్రిటిషు లైబ్రరీయందున్నవి. సందేహము గలవాడు పోయి చూచుకొనవచ్చును. మేము ముఖ్యముగా ఎత్తిచూపదలచినది ఈ సంగతినే.

1948 మొదలు నాలుగేండ్లు వాల్తేరులో ఆంధ్ర విశ్వకళాపరిషత్తునందు చరిత్ర బోధించి, పిదప ఢిల్లీలో జాతీయ దస్తరశాలలో పనిచేసి, 1954లో గోపాలుగారు విదేశవ్యవహారముల శాఖలోని చరిత్ర విభాగమునకు అధిపతియైరి. 1959లో చైనాతో సరిహద్దు తగవు ముదిరినపుడు నెహ్రూ పనుపున లండనుకు పోయి ఇండియా ఆఫీసు దస్తరములను శోధించిరి. అక్సాయిచిన్ విషయమున మన హక్కే బలమైనదని తేల్చిరి. 1960లో ఉభయపక్షముల యుద్యోగులు పెకింగు, ఢిల్లీ, రంగూను నగరములలో వాదించినపుడు మనవైపున ఆయనయు నుండిరి. సామ్రాజ్యమును విమర్శించిన కలమే సామ్రాజ్యము గీచిన గీతలకు వకాల్తా పుచ్చుకొనెను. ఇందు మేము తప్పెన్నము. దేశమునకు అట్టి పనివాడు కావలసియుండెను. కాని వకీలు తన పక్షమునకు చెరుపుచేయు కాగితమును తానై చూపనక్కరలేదు. చరిత్రకారుడు దానినే ముందు చూపవలెను.

ఆక్స్‌ఫర్డులో కొన్నేండ్లు బోధించి వచ్చి, జవహర్‌లాల్ నెహ్రూ విశ్వవిద్యాలయమున చరిత్ర శాఖను నెలకొల్పినవారిలో ఒకరైరి. అప్పుడే నెహ్రూ జీవితచరిత్రకు పూనుకొనిరి. మూడు సంపుటములు 1975, 1979, 1984 సంవత్సరములలో వెలువడినవి. మొదటిదానికి సాహిత్య అకాడమీ బహుమానము వచ్చినది. స్వాతంత్ర్యానంతరపు నెహ్రూ కాగితములను చూచుటకు ఇందిరాగాంధి అనుమతించిరి. ఇతర పరిశోధకులకు ఆ తలుపు మూసియే యుండెను. మూడవ సంపుటము చైనా యుద్ధమును గూర్చి చెప్పును. నాటి వాదమును సిద్ధపరచినవారిలో ఒకరు, ఆ కథను వ్రాసినవారు, ఆ కాగితములను చూచినవారు ఒక్కరే యైనపుడు చదువరి దేనితో సరిచూచుకొనవలెను? రిపను విషయమున మనకు గల సదుపాయము నెహ్రూ విషయమున లేకపోయినది. మా దృష్టికి ఇది లోపమే.

గోపాలుగారు ఆస్థానచరిత్రకారుడని కొంద రనుచుందురు. వారు 1989లో ఆయన వ్రాసిన తండ్రి జీవితచరిత్రను చదువలేదని తోచుచున్నది. తండ్రి గృహజీవితమునందలి దోషములను కొడుకు దాచలేదు. మన దేశమున అట్టి పని చేసినవారు మరియొకరు మాకు వెంటనే జ్ఞప్తికి రారు. నిజము చెప్పు ధైర్యము ఆయనకు కొదువ కాదు. కొదువయైనది ఆయన చూచిన కాగితమును మరియొకడు చూచు వీలు.

1993లో ప్రభుత్వ దస్తరములకు చట్టము వచ్చినది. రహస్యముద్ర తీయనంతవరకు ఎంత పాత కాగితమైనను ఆ చట్టము క్రింద పరిశోధకుని చేతికి రాదు. 1962 నాటి పరాజయమును విచారించి హెండర్సన్ బ్రూక్సు, ప్రేమ్ భగత్ అను సేనానులు 1963లో ఇచ్చిన నివేదికకే యీ గతి పట్టినది. నెవిల్ మాక్స్‌వెల్ అను పత్రికారచయిత 2014లో అందొక భాగమును బయటపెట్టెను. దానిని లోకమంతయు చదివినది. మన ప్రభుత్వము మాత్రము ప్రకటింపలేదు. రాజధానిలోని కార్యాలయములలో ఇట్టి కట్టలపై సంతకము చేయు హోదాలో మన తెలుగువారును ఉన్నారు. ముద్ర తీయవచ్చునని వ్రాయు ఒక్క పంక్తి వారి చేతిలోనిది.