గట్టు తగాదాకు జప్తు మందా?

రెండు వర్గాలు కర్రలు పట్టుకుని పొలం గట్టు మీద మోహరిస్తాయి. పోలీసు నివేదిక వెళుతుంది, ఆర్డీవో కార్యాలయం నుంచి జప్తు ఉత్తర్వు వస్తుంది. ఊరు ఆ పూటకు చల్లబడుతుంది. నిన్నటిదాకా దున్నుకున్న మనిషి మాత్రం నాట్ల అదనులో తన మడిలోకి దిగలేక వకీలు ఇంటి మెట్లెక్కుతాడు. అవతలివాడికి పోయిందేమీ లేదు. స్వాధీనంలో లేనివాడు కాస్త అలజడి రేపితే చాలు, ఉన్నవాడు బయటికి పోతాడు. తొందరపాటు జప్తు బలవంతుడికి ఇచ్చే బహుమతి ఇదే. దీన్ని ఆపి తీరాలి.

చట్టం ఇంత ఉదారంగా ఈ అధికారం ఇవ్వలేదు. క్రిమినల్ ప్రొసీజర్ కోడ్ 145, 146 సెక్షన్లు 2024 జులై 1 నుంచి భారతీయ నాగరిక్ సురక్షా సంహితలో 164, 165గా మారాయి. అంకెలే మారాయి. భూమి ఎవరిదన్నది మేజిస్ట్రేటు హోదాలో ఉన్న ఆర్డీవో తేల్చరు. ఎవరి స్వాధీనంలో ఉందన్నదే చూస్తారు. పోలీసు నివేదికకు ముందు రెండు నెలల్లోపు అన్యాయంగా గెంటివేతకు గురైనవారిని స్వాధీనంలో ఉన్నట్టే పరిగణించవచ్చు. జప్తుకు మూడే దారులు: అత్యవసరం ఏర్పడాలి, లేదా ఏ పక్షానికీ స్వాధీనం లేదని తేలాలి, లేదా ఎవరికి ఉందో తేల్చుకోలేని స్థితి రావాలి.

వీటిలో మొదటిదైన ‘అత్యవసరం’ అన్న మాటనే అధికారులు సాగదీస్తారు. ఉత్తరాఖండ్‌కు చెందిన అశోక్ కుమార్ కేసులో సుప్రీంకోర్టు 2012లో దానికి హద్దు గీసింది. శాంతిభంగం జరగవచ్చన్న భయం వేరు, అత్యవసరం వేరు అని చెప్పింది. ఒక పక్షం స్వాధీనంలో ఉన్నట్టు నివేదికలే చెబుతుంటే, ఆ స్వాధీనం సక్రమమైనా కాకపోయినా, అత్యవసరం పేరిట జప్తు చేయకూడదంది. అంతకు చాలా ముందే, రామ్ సుమేర్ పురి మహంత్ కేసులో, స్వాధీనంపై సివిల్ కోర్టులో వ్యాజ్యం నడుస్తుండగా సమాంతరంగా మేజిస్ట్రేటు విచారణ తగదని స్పష్టం చేసింది. ఇన్ని తీర్పులున్నా బాధితుడు ప్రతిసారీ పై కోర్టుకు పరుగెత్తి మొదటి నుంచీ వాదించుకోవాలా?

జప్తు ఎంతకాలం ఉంటుందో కూడా ఆలోచించాలి. హక్కును సివిల్ కోర్టు తేల్చేదాకా అది కొనసాగవచ్చు. అయోధ్యలో 1949 డిసెంబరు 29న ఇదే 145 సెక్షన్ కింద జప్తు జరిగింది. తుది తీర్పు వచ్చింది 2019 నవంబరు 9న. జప్తు ఆస్తిని చూసే రిసీవర్ నుంచి నిర్వహణ తమకు అప్పగించాలని సాధువుల సంస్థ నిర్మోహీ అఖాడా 1959లో వేసిన దావా కాలదోషం పట్టిందని అందులో సుప్రీంకోర్టు తేల్చింది. జప్తు కింద భూమి కదలకుండా ఉంటుంది గానీ గడువు మాత్రం నడుస్తూనే ఉంటుంది. ఎకరం, అరెకరం రైతుకు ఈ సంగతి చెప్పేదెవరు?

శాంతిభంగం ముప్పు తొలగితే జప్తును ఎప్పుడైనా ఎత్తివేసే అధికారం మేజిస్ట్రేటుకు ఉంది. దాన్ని వాడాలి. ప్రతి ఉత్తర్వులోనూ అత్యవసరం ఏమిటో, గొడవకు దిగినవారిని బైండోవర్ చేస్తే ఎందుకు సరిపోదో విడమరిచి రాయాలి. మూడు నెలలకోసారి సమీక్షించాలి. సివిల్ కోర్టును ఆశ్రయించాల్సిన గడువును ఉత్తర్వు ప్రతిలోనే తెలుగులో ముద్రించి ఇరుపక్షాలకూ అందజేయాలి. రెండు తెలుగు రాష్ట్రాల రెవెన్యూ శాఖలు వచ్చే సాగు అదనుకు ముందే ఈ మేరకు ఆదేశాలివ్వాలి.