తెరమీది బొమ్మల్లో మన బొమ్మ ఏది?

నేటి కంప్యూటర్ యుగంలో తెరమీద అక్షరాలే కాదు, బొమ్మలు కూడా తిరుగుతున్నాయి. మనం టైపు చేస్తుంటే పక్కనే నరుటో నడుస్తాడు. పికాచు విండో అంచు పట్టుకొని వేలాడుతుంది. మౌస్‌తో పట్టి లాగితే కాళ్లు కొట్టుకుంటుంది. వీటినే డెస్క్‌టాప్ పెట్స్ అంటున్నారు. హాస్టల్ కంప్యూటర్లలో ఇవి ఉండాలా వద్దా అన్నది ఇప్పుడు మన మధ్య ఒక వాదన. "చదువు చెడుతుంది, తీసేయండి" అని పెద్దలు, "ఈమాత్రం సరదా కూడా వద్దా" అని పిల్లలు. మా అభిప్రాయంలో మూడో మాట ఒకటుంది.

మిత్రులారా! ఇది కొత్త వింతేమీ కాదు. మౌస్ బాణం వెంట పరుగెత్తే 'నెకో' అనే పిల్లి 1980లలోనే జపాన్ కంప్యూటర్లలో పుట్టింది. మైక్రోసాఫ్ట్ వారి ఆఫీస్ 97లో 'క్లిప్పీ' అనే కాగితాల క్లిప్పు అడగకుండానే సలహాలు చెప్పేది. జనం విసిగిపోయారు. ఆఫీస్ 2007లో దాన్ని తీసేశారు.

పెద్దల భయంలోనూ న్యాయముంది. 'బోంజీ బడ్డీ' అనే ఊదారంగు కోతి ముద్దుగా మాట్లాడుతూనే, తల్లిదండ్రుల అనుమతి లేకుండా పిల్లల వివరాలు సేకరించిందని అమెరికా ఫెడరల్ ట్రేడ్ కమిషన్ అభియోగం మోపింది. 2004లో ఆ కంపెనీ 75,000 డాలర్లు చెల్లించాల్సి వచ్చింది. ఉచితంగా వచ్చిందని ఎక్కడ పడితే అక్కడ డౌన్‌లోడ్ చేస్తే పదిమంది వాడే కంప్యూటర్ పాడవుతుంది. పాశమైలారంలో, బొల్లారంలో షిఫ్టులు చేసే మన అమ్మానాన్నలు ఇంట్లో ఇంకొకటి కొనివ్వలేరు కదా! స్టడీ అవర్‌లో ఈ బొమ్మలు మూసివేయాలన్న మాటకూ మేము ఒప్పుకుంటాం.

అయితే నిషేధంతో ఏం నేర్చుకుంటాం? ఈ బొమ్మల్లో బాగా పేరొందిన 'షిమేజి'ని విప్పి చూడండి. మామూలుగా అందులో ఉండేవి 46 చిన్న చిత్రాలు. నడిచేది, కూర్చునేది, పాకేది, కిందపడేది. ఏ చిత్రం తర్వాత ఏది రావాలో చెప్పే ఫైలు వేరుగా ఉంటుంది. ఆ చిత్రాలు మార్చితే బొమ్మ మారిపోతుంది. అంటే గీయడం వచ్చినవారు, ఓపిక ఉన్నవారు ఎవరైనా చేయగల పని ఇది.

మరి జపాన్ బొమ్మలే ఎందుకు? ఛోటా భీమ్ పుట్టింది మన హైదరాబాద్‌లోనే. రాజీవ్ చిలక 2001లో స్థాపించిన గ్రీన్ గోల్డ్ సంస్థ 2008లో దాన్ని దేశమంతటికీ చూపింది. అదే 2008లో మొదలైన ఐఐటీ హైదరాబాద్ మన కందిలోనే ఉంది. అక్కడ డిజైన్ విభాగముంది. ఆ క్యాంపస్‌లో కొన్ని భవనాలు జపాన్ సహకారంతోనే లేచాయి. జపాన్ నుంచి బొమ్మలే కాదు, బొమ్మలు చేసే పట్టుదల కూడా తెచ్చుకుందాం.

బతుకమ్మ ఎత్తుకున్న చెల్లె తెరమీద ఎందుకు నడవకూడదు? నైట్ షిఫ్టు దిగి, టిఫిన్ డబ్బా పక్కన పెట్టుకొని కూర్చున్నచోటే కునుకుతీసే నాయిన బొమ్మ ఎందుకుండకూడదు? మనలాంటివాళ్లు ఏ కార్టూన్‌లోనూ కనిపించరు. ఎవరో గీస్తారని ఎదురుచూస్తే ఎప్పటికీ కనిపించరు.

అందుకే మా కోరిక ఇది. ఆదివారం ఒక గంట కంప్యూటర్ గదిని బొమ్మలు చేయడానికి ఇవ్వాలి. ఒకరు గీస్తారు, ఒకరు రంగులేస్తారు, ఒకరు ఫైలు రాస్తారు. సాఫ్ట్‌వేర్ ఉద్యోగాల్లో ఉన్న పూర్వ విద్యార్థి అన్నలు, అక్కలు ఒక్క ఆదివారం వచ్చి దారి చూపండి. వచ్చే వార్షికోత్సవానికి ఆ 46 చిత్రాలూ మేము సిద్ధం చేస్తాం!