ఫామిలీస్ చదివే పుస్తకం

దీపావళి సావనీరుకి ఏదైనా రాయమన్నారు కదా అని ముద్దుపళని మీద నాలుగు పేజీలు రాసిచ్చాను. వారం తిరక్కుండా ఫోను. "అన్నగారూ, వ్యాసం బ్రహ్మాండం. కానీ ఫామిలీస్ చదివే పుస్తకం కదండీ!" నా నాలుగు పేజీల్లో చీరల కొట్టు ప్రకటనలు పడ్డాయి. ఆ సాయంత్రమే, ఇక్కడే డబ్లిన్‌లో, ఎనిమిదేళ్ళ ఆడపిల్లలు ఐటం సాంగుకి నడుములు తిప్పుతుంటే ఫామిలీస్ అన్నీ చప్పట్లు కొట్టాయి. నేనూ కొట్టాను, అబద్ధమెందుకు!

ఏటా త్యాగరాజ ఆరాధన చేస్తాం. తిరువయ్యారులో ఆ సమాధికి గుడి కట్టించిన బెంగుళూరు నాగరత్నమ్మే 1910లో 'రాధికా సాంత్వనము' పూర్తి పాఠాన్ని వావిళ్ళ వారి చేత అచ్చు వేయించింది. అంతకు ముందు 1887 నాటి ప్రతిలో కొన్ని పద్యాలే కాదు, కవయిత్రి తన వంశం చెప్పుకున్న పద్యాలు కూడా ఎగిరిపోయాయి. మగకవులు రాస్తే శృంగారం, తంజావూరు వేశ్య రాస్తే బూతా అని పీఠికలో నిలదీసింది నాగరత్నమ్మ. వీరేశలింగం పంతులుగారినీ వదల్లేదు. 1911లో దొరల ప్రభుత్వం అశ్లీలమని ప్రతులు పట్టుకుపోయింది. ప్రకాశం పంతులుగారి పూనికతో 1947లో నిషేధం పోయింది, 1952లో పుస్తకం మళ్ళీ వచ్చింది.

మరి ఆ తరువాత ఎంతమందిమి చదివాం?

జర్మన్లదీ ఇలాంటి కథే. అక్కడ దిగంబరంగా ఎండలో తిరగడం ఆరోగ్యమని నమ్మేవాళ్ళు 1903 నుంచీ 'డీ షోన్‌హైట్' లాంటి పత్రికలు నడిపారు. 1933లో నాజీలు సంఘాలనీ పత్రికలనీ మూయించారు. యుద్ధం అయ్యాక మళ్ళీ పుట్టుకొచ్చాయి. అమెరికాకి ఆ ఉద్యమాన్ని 1929లో మోసుకొచ్చింది కుర్ట్ బార్తెల్ అనే జర్మన్ వలసదారే, మనలాంటి వాడే. ఇక్కడి 'సన్‌షైన్ అండ్ హెల్త్' పత్రికని పోస్టాఫీసు వాళ్ళు అశ్లీలమని ఆపితే, దాన్ని నడిపిన పాస్టరు సుప్రీంకోర్టు దాకా వెళ్ళి 1958లో గెలిచాడు. గెలిచిన కొన్నేళ్ళకే పత్రిక మూతపడింది. జర్మనీలోనూ అంతే. నిషేధాన్ని తట్టుకున్నవి, పక్క బడ్డీలో ఘాటైన సరుకు వేలాడేసరికి తట్టుకోలేకపోయాయి. దొంగచాటుగా బొమ్మల కోసం కొన్నవాళ్ళు అటు పోయారు, సిద్ధాంతం కోసం కొన్నవాళ్ళు మొదటినుంచీ కొద్దిమందే.

మనకి ఆ సాకు కూడా లేదు. ముద్దుపళని రాసింది బొమ్మల కోసం చూసేది కాదు. తాను పెంచిన పిల్లని కృష్ణుడికిచ్చి పెళ్ళి చేసి, పడకటింటికి తానే పంపి, ఆ రాత్రంతా రాధ కుమిలిపోవడం అది. చివరికి బ్రతిమాలేది కృష్ణుడు. మనకి కంటగింపు ఒళ్ళు కాదు సుమండీ, ఆ బ్రతిమాలడమే!

మా అమ్మాయికి తెలుగు చదవడం రాదు (తప్పు నాదే). 2011లో వచ్చిన ఇంగ్లీషు అనువాదం తెప్పించుకుని చదివింది. "నాన్నా, ఇది మనవాళ్ళు రాశారా? ఎప్పుడూ చెప్పలేదేం?" అంది.

ఉగాది సావనీరుకి మళ్ళీ అదే వ్యాసం పంపాను. ఒక్క మాట మార్చలేదు.