రాగం తీసేవాళ్లను తొందరపెట్టకండి

ఈలపాట రఘురామయ్యగారు పోయి యాభై ఏళ్లు దాటింది. పరసల్లో, అంటే తిరునాళ్లలో, తెల్లవార్లూ నాటకం చూసిన అలవాటున్న మా అనంతపురం జిల్లా గార్లదిన్నె వైపు పెద్దవాళ్లు ఆ పేరు చెబితే ఇప్పటికీ లేచి కూర్చుంటారు. సంగీతం గురించి రాసేవాళ్లు మాత్రం ఆయన్ను నటుల జాబితాలో వేసి చేతులు దులుపుకున్నారు. ఇది అన్యాయం.

ఆయన 1901లో గుంటూరు జిల్లా సుద్దపల్లిలో పుట్టారు. అసలు పేరు కల్యాణం వెంకటసుబ్బయ్య. రాముడి వేషంలో చూసి ముచ్చటపడి రఘురామయ్య అన్నది కాశీనాథుని నాగేశ్వరరావు పంతులుగారు. స్థానం నరసింహారావుగారి సత్యభామ సరసన కృష్ణుడిగా నిలబడి మెప్పించారు. 1933లో 'పృథ్వీపుత్ర'తో సినిమాల్లోకి వెళ్లారు, 1947లో 'గొల్లభామ'లోనూ వేశారు. ఎన్ని సినిమాలు చేసినా ఆయన స్టేజీ మనిషే.

ఆ ఈల సంగతి నింపాదిగా చెప్పుకోవాలి. నాలుక కింద వేలు పెట్టి ఊదేవారు. గొర్రెల కాపరీ వేలు పెట్టే ఈల వేస్తాడు గానీ అది ఒక్క కేకతో సరి. రఘురామయ్యగారు అదే ఈలతో పాటలు, పద్యాలు పాడేవారు. ఈలలో గొంతు పలకదు. స్వరం హెచ్చాలన్నా తగ్గాలన్నా నాలుక కదలిక, ఊపిరి బిగింపు చూసుకోవాల్సిందే. నోట్లో వేలుంది కాబట్టి ఒక్క అక్షరమూ బయటికి రాదు. మాట లేకుండా పద్యాన్ని జనం గుర్తుపట్టాలంటే యతి దగ్గర విరుపు, గురువు మీద నిలుపు, పాదం చివర రాగం మెలిక, అన్నీ ఈలలోనే వినిపించాలి. గొంతుతో పాడటమే కష్టమైన సీసపద్యాన్ని అలా పలికించడానికి ఎంత సాధన కావాలో పాడేవాళ్లను అడగండి.

అసలు స్టేజీ పద్యమే అప్పటికప్పుడు పుట్టే సంగీతం. 'పాండవోద్యోగ విజయాలు'లో తిరుపతి వేంకట కవులు పద్యం ఇచ్చారు గానీ, రాగం ఎక్కడిదాకా సాగాలో రాసివ్వలేదు. అది ఆ రాత్రి గొంతును బట్టి, హార్మోనియం శ్రుతిని బట్టి, ముందు కూర్చున్న జనాన్ని బట్టి తేలుతుంది. మోహనలో ఎత్తుకున్న కృష్ణుడు ఎటు తిరుగుతాడో హార్మోనిస్టుకూ ముందుగా తెలియదు, వెంటపడి అందుకోవాలి. 'వన్స్ మోర్' పడిందంటే మళ్లీ పాడాలి, మొదటిసారి తీసినదానికి ఇంకో సంగతి తగిలించాలి. కచ్చేరీలో దీన్నే మనోధర్మమని నెత్తిన పెట్టుకుంటాం. స్టేజీ మీద చేస్తే రాగాల పిచ్చి అంటాం. 1984లో అమెరికాలో బాబీ మెక్‌ఫెరిన్ వాద్యాలేవీ లేకుండా ఒక్క గొంతుతో 'ది వాయిస్' ఆల్బం తెస్తే ప్రపంచం ఆయన్ను సంగీతకారుడిగానే విన్నది. రఘురామయ్యగారికి 1973లో సంగీత నాటక అకాడమీ పురస్కారం ఇచ్చినప్పుడు అది నటనకు ఇచ్చారు.

రాగం మీద ఈ తగాదాలో మా జిల్లాకూ భాగం ఉంది. తెలుగు నాటకంలోకి పాటను తెచ్చిన ధర్మవరం రామకృష్ణమాచార్యులవారిది ఈ సీమే. తాడిపత్రిలో పుట్టిన ఆయన మేనల్లుడు బళ్ళారి రాఘవగారు పాటను పక్కనపెట్టి సహజంగా నటించమన్నారు. ఆ మాటలో న్యాయముంది. చచ్చిన కొడుకు ముందు నిలబడి తండ్రి పది నిమిషాలు రాగం తీస్తే ఏడుపు రాదు, విసుగొస్తుంది. కానీ రాయబారానికి వచ్చిన కృష్ణుడు నిండుసభలో రాగం తీస్తే అది నాటకానికి అడ్డు కాదు, ఆ పాత్ర ధీమా అంతా అందులోనే ఉంటుంది. ఎక్కడ తీయాలో తెలియనివాళ్లను చూసి రాగాన్నే తీసిపారేయడం పొరపాటు.

ఆ తరం గానం మనకు దక్కింది కొంచెమే. గ్రామఫోను ప్లేటుకు ఒక పక్క పట్టేది మూడు నిమిషాలు. జనం ముందు విచ్చలవిడిగా సాగే రాగం అక్కడికొచ్చేసరికి కుదించుకోవాల్సి వచ్చేది. 1975లో రఘురామయ్యగారికి పద్మశ్రీ వచ్చింది, ఆ ఏడాదే ఫిబ్రవరి 24న పోయారు. అప్పుడు యంత్రం చాలలేదనుకుందాం. ఇప్పుడు ప్రతి జేబులోనూ ఫోనుంది. మరి మనం దాచుకుంటున్నది ముప్పై సెకన్ల ముక్కలేగా?

పెన్న నీళ్లు వచ్చినా రాకున్నా, వేరుశనగ పండినా ఎండినా, ఈ చుట్టుపక్కల పల్లెలు చందాలు వేసుకుని కురుక్షేత్రం ఆడిస్తూ వచ్చాయి. పరస కమిటీ పెద్దలకు నా మనవి ఇదే. నాటకానికి రాత్రంతా వదలండి, రికార్డింగ్ డ్యాన్సుకు టైమైందని పద్యం మధ్యలో మైకు కట్టేయకండి. పాడేవాళ్ల అనుమతి తీసుకుని మొత్తం రికార్డు చేయించండి, హార్మోనిస్టు పేరు కూడా రాసిపెట్టండి. అనంతపురంలో శ్రీకృష్ణదేవరాయ విశ్వవిద్యాలయం ఉంది. వాటిని సేకరించి భద్రపరిచే పని అది తలకెత్తుకోవాలి, ఈ ఏడాది పరసల నుంచే.