లాకెక్కిన పడవకు సిగ్గెందుకు?

(పూర్వ విద్యార్థి, ఎం.ఏ. చరిత్ర, ద్వితీయ సంవత్సరం)



పోటీ పరీక్షలకు చదివే మనందరికీ ఈరీ కాలువ ఒక బిట్టు. 'అమెరికాలో హడ్సన్ నదిని ఈరీ సరస్సుతో కలిపే కాలువ ఏది?' అని అడుగుతారు. జవాబు గుర్తు పెట్టుకుంటాం, ఒక మార్కు తెచ్చుకుంటాం, అంతటితో మరిచిపోతాం. నేనూ డిగ్రీలో అలాగే చదివాను. పీజీలో చేరాక ఆ కాలువ గట్టున ఉన్న లాక్‌పోర్ట్ అనే చిన్న ఊరి చరిత్ర చదివే అవకాశం వచ్చింది. జనాభా సుమారు ఇరవై వేలు. మన వైపు ఒక మండల కేంద్రమంత ఊరు. కానీ మన హాస్టల్లో ఉండి చదువుకునే ప్రతి ఒక్కరికీ ఆ ఊరు ఒక మాట చెబుతోందని నాకనిపించింది. ఈ వార్షికోత్సవ సంచికలో ఆ మాటే పంచుకోవాలని ఈ వ్యాసం రాస్తున్నాను.

ముందు ఊరి పేరు సంగతి. గోదావరి, కృష్ణా కాలువల వైపు నుంచి వచ్చిన తమ్ముళ్ళకూ చెల్లెళ్ళకూ 'లాకులు' అంటే ఏమిటో నేను చెప్పక్కర్లేదు. మిగతావారి కోసం రెండు ముక్కలు. కాలువలో ఒకచోట నీరు పల్లంలో ఉంటుంది, ఆ పక్కనే నీరు మెరకలో ఉంటుంది. పడవ పల్లం నుంచి మెరకకు ఎలా వెళ్ళాలి? మధ్యలో రాతిగోడలతో ఒక గది కట్టి, రెండు వైపులా తలుపులు పెడతారు. పడవ గదిలోకి రాగానే కింది తలుపులు మూసేస్తారు. పై నీటిని గదిలోకి వదులుతారు. నీటితోపాటు పడవా లేస్తుంది. లోపలి నీరు పై నీటితో సమానం కాగానే పై తలుపులు తీస్తారు. పడవ తన దారిన తాను పోతుంది. ఇదే లాకు. లాక్‌పోర్ట్ అంటే లాకుల రేవు అన్నమాట.

ఆ ఊరికి లాకులు ఎందుకు కావలసి వచ్చాయో తెలియాలంటే భూగోళం కొంచెం తెలియాలి. న్యూయార్క్ రాష్ట్రం పడమటి భాగంలో నయాగరా ఎస్కార్ప్‌మెంట్ అనే పొడవైన కొండగోడ ఉంది. ప్రపంచ ప్రసిద్ధమైన నయాగరా జలపాతం దూకేది ఈ గోడ మీది నుంచే. పైన గట్టి డోలమైట్ రాయి, కింద మెత్తటి షేల్ రాయి. కిందిది తొందరగా అరిగిపోతుంది, పైది నిలబడుతుంది. అందుకే అది ఏటవాలుగా కాకుండా గోడలాగా మిగిలింది. ఆ డోలమైట్‌కు భూగర్భ శాస్త్రంలో ఈ ఊరి పేరే పెట్టారు. తూర్పున రోచెస్టర్ నుంచి సుమారు వంద కిలోమీటర్లు ఒక్క లాకు కూడా లేకుండా సాఫీగా వచ్చిన కాలువకు ఇక్కడ ఈ గోడ అడ్డం వచ్చింది. దాదాపు 60 అడుగులు ఎక్కితే తప్ప ఈరీ సరస్సు వైపు దారి లేదు.

ఈ కాలువ ఆలోచనకు పట్టుదలగా ప్రచారం చేసినవాడు జెస్సీ హాలీ అనే పిండి వ్యాపారి. రవాణా ఖర్చులు భరించలేక దివాలా తీసి, అప్పులు కట్టలేదని జైలుకు వెళ్ళాడు. 1807-08లో ఆ జైల్లో కూర్చునే, 'హెర్క్యులిస్' అనే మారుపేరుతో, సరస్సు నుంచి సముద్రం వరకు కాలువ తవ్వాలంటూ పత్రికలో 14 వ్యాసాలు రాశాడు. చాలామంది నవ్వారు. కొందరు ఆలోచించారు. 1817లో అమెరికా అధ్యక్షుడు మాడిసన్ ఇలాంటి పనులకు కేంద్రం డబ్బిచ్చే బిల్లును తిరస్కరించాడు. అయినా గవర్నర్ డివిట్ క్లింటన్ నాయకత్వంలో న్యూయార్క్ రాష్ట్రమే అప్పు చేసి, ఆ ఏడాది జూలై 4న పని మొదలుపెట్టింది. సుమారు 70 లక్షల డాలర్ల ఖర్చు. 363 మైళ్ళ పొడవు, 40 అడుగుల వెడల్పు, 4 అడుగుల లోతు, 83 లాకులు. జెస్సీ హాలీ చివరి రోజుల్లో ఈ లాక్‌పోర్ట్‌లోనే స్థిరపడ్డాడు.

లాక్‌పోర్ట్ దగ్గర కొండగోడను ఎలా ఎక్కాలో లెక్క వేసినవాడు నేథన్ రాబర్ట్స్. ఆయన అంతకు ముందు బడిపంతులు. ఇంజినీరింగ్ పట్టా లేదు. పని చేస్తూ నేర్చుకున్నాడు. ఒక్కొక్కటి 12 అడుగులు ఎత్తే లాకులను, మెట్ల వరసలాగా, ఒకదాని తరువాత ఒకటి ఐదు కట్టించాడు. ఎక్కే పడవలకు ఒక వరస, దిగే పడవలకు పక్కనే ఇంకొక వరస. లాకుల పైన, పడమటి వైపు కొన్ని మైళ్ళ మేర, కొన్నిచోట్ల 30 అడుగుల లోతున రాయి తొలిచారు. తుపాకిమందు పెట్టి పేల్చి, ముక్కలను గుర్రాలు తిప్పే క్రేన్లతో పైకి తీశారు. ఆ పని చేసినవారిలో ఎక్కువమంది ఐర్లాండ్ నుంచి వలస వచ్చిన పేద కూలీలు. పేలుళ్ళలో చనిపోయినవారున్నారు, చేతులూ కాళ్ళూ పోగొట్టుకున్నవారున్నారు. 1825 అక్టోబర్ 26న కాలువ తెరిచినప్పుడు గవర్నర్ గారు పడవెక్కి ఊరేగారు, ఫిరంగులు మోగాయి. ఆయన పేరు అన్ని పుస్తకాల్లో ఉంది. రాయి కొట్టినవారి పేర్లు ఎక్కడున్నాయి?

కాలువ వచ్చాక జరిగింది ఆశ్చర్యం కలిగిస్తుంది. బఫెలో నుంచి న్యూయార్క్‌కు టన్ను సరుకు చేరవేయడానికి సుమారు 100 డాలర్లు అయ్యేది. అది 10 డాలర్లకు దిగింది. లోపలి ప్రాంతాల గోధుమలు సముద్రం చేరాయి. న్యూయార్క్ మహానగరమైంది. పడవల మీద వసూలు చేసిన సుంకంతోనే కాలువ కట్టిన అప్పు తీరిపోయింది. 1821కి ముందు అడవిగా ఉన్నచోట లాక్‌పోర్ట్ వెలిసింది, 1865లో నగరమైంది. ఆ 60 అడుగుల పల్లానికి దూకే మిగులు నీటితో మిల్లులు తిరిగాయి. 1877లో బర్డ్‌సిల్ హాలీ అనే ఆయన ఒకే బాయిలర్ నుంచి గొట్టాల ద్వారా ఇళ్ళకు ఆవిరి వేడి పంపిణీ చేసి చూపించింది ఈ ఊళ్ళోనే. అడ్డుగా నిలిచిన కొండగోడే ఊరికి బతుకుతెరువయింది.

ఇప్పుడు నేను చెప్పదలచుకున్న అసలు మాట.

మనలో ఎవరం వినలేదు చెప్పండి, "మీకేమండీ, హాస్టలుంది, స్కాలర్‌షిప్పుంది, రిజర్వేషనుంది, మీరు ఈజీగా పైకొచ్చేస్తారు" అనే మాట? మా ఇంట్లో డిగ్రీ పట్టా చేతికందుకున్న మొదటి మనిషిని నేను. ఆ పట్టా అందుకున్న వారంలోనే ఈ మాట విన్నాను. అన్నవారి మీద నాకు కోపం లేదు. కానీ ఆ మాట విని మనలో కొందరు తలదించుకుంటారే, అది నాకు బాధ. హాస్టల్ పేరు చెప్పడానికి సంకోచించి 'రూమ్‌లో ఉంటున్నాను' అని చెప్పే తమ్ముళ్ళను చూశాను.

వారికి నేను లాక్‌పోర్ట్‌ను చూపిస్తాను. అయిదు లాకులెక్కి పైకి వచ్చిన పడవను చూసి, 'ఈ పడవకు సత్తా లేదు, లాకు ఎత్తింది కాబట్టి వచ్చింది' అని ఎవరైనా అన్నారా? అనరు. ఎందుకంటే లోపం పడవది కాదు. నేల అలా ఉంది. దారిలో 60 అడుగుల గోడ ఉంది. ఆ గోడ పడవ కట్టింది కాదు. నయాగరా గోడను ప్రకృతి నిలబెట్టింది. మన ముందున్న గోడను మనుషులు నిలబెట్టారు. తేడా అంతే. ప్రకృతి పెట్టిన గోడకే ప్రభుత్వం అప్పు చేసి లాకులు కట్టాలి గానీ, మనుషులు పెట్టిన గోడకు కట్టకూడదా?

ఇంకొక సంగతి కూడా గమనించండి. లాకు పడవను ఎత్తుతుంది గానీ నడిపించదు. ఆ రోజుల్లో 363 మైళ్ళూ పడవను లాగినవి గట్టు మీద నడిచే కంచర గాడిదలు, గుర్రాలు. వాటిని తోలినవారిలో పసిపిల్లలు కూడా ఉన్నారు. లాకు దాటాక మళ్ళీ తాడు భుజానికెత్తుకోవలసిందే. హాస్టలూ అంతే. అన్నం పెడుతుంది, నీడనిస్తుంది. పుస్తకం మాత్రం మనమే చదవాలి. లాకెక్కి రేవులోనే లంగరు వేసుక్కూర్చున్న పడవ వల్ల ఎవరికీ లాభం లేదని కూడా ఒప్పుకుందాం.

అలాగని ఆ కాలువ కథను పూర్తిగా పొగడడం న్యాయం కాదు. ఆ నేల మొదట సెనెకా అనే ఆదివాసీ జాతి ప్రజలది. 1797 ఒప్పందంతో వారి భూమిలో చాలా భాగం పోయింది. కాలువ వచ్చాక మిగిలిన భూమి మీదా కంపెనీల కన్ను పడింది. 1838లో ఇంకొక ఒప్పందంతో దాన్నీ లాక్కోబోయారు. లాక్‌పోర్ట్‌కు దగ్గరలోని టోనవాండా సెనెకాలు ఏళ్ళ తరబడి పోరాడి, చివరికి 1857లో తమ భూమిలో కొంత భాగాన్ని తామే డబ్బిచ్చి తిరిగి కొనుక్కోవలసి వచ్చింది. సొంత నేలను సొంత డబ్బుతో కొనుక్కోవడం కన్నా అన్యాయం ఏముంటుంది? ఒకరిని ఎత్తే కాలువ ఇంకొకరిని ముంచవచ్చు. అందుకే 'అభివృద్ధి' అనే మాట వినగానే, ఎవరు ఎక్కారు, ఎవరు కింద మిగిలారు అని అడగడం మనం నేర్చుకోవాలి.

పడవలకు పదేళ్ళలోపే దారి దొరికిన ఆ ఊళ్ళో, నల్లజాతి పిల్లలకు బడి దారి మాత్రం యాభై ఏళ్ళు దొరకలేదు. వారికి వేరే బడి ఉండేది. ఆరన్ మోసెల్ అనే నల్లజాతీయుడు, వివక్ష భరించలేక భార్యతో కెనడా వెళ్ళి, అంతర్యుద్ధం తరువాత తిరిగొచ్చి లాక్‌పోర్ట్‌లో ఇటుకల బట్టీ పెట్టుకున్నాడు. తన పిల్లలు అందరితోపాటు ఒకే బడిలో చదవాలని పట్టుబట్టాడు. తోటివారిని కూడగట్టి, వేరు బడికి పిల్లలను పంపేది లేదన్నాడు. 1876లో ఊరి బడుల తలుపులు అందరికీ తెరుచుకున్నాయి.

ఆ తలుపు తెరుచుకుంటే ఏమవుతుందో ఆ ఒక్క ఇంటినే చూడండి. చిన్నతనంలో తండ్రి బట్టీలో పనిచేసిన నేథన్ మోసెల్, 1882లో పెన్సిల్వేనియా విశ్వవిద్యాలయంలో వైద్య పట్టా పొందిన తొలి నల్లజాతీయుడయ్యాడు. 1895లో ఫిలడెల్ఫియాలో తనవారి కోసం ఆసుపత్రి స్థాపించాడు. తమ్ముడు ఆరన్ ఆల్బర్ట్ 1888లో అక్కడే న్యాయశాస్త్ర పట్టా పొందిన తొలి నల్లజాతీయుడు. ఆ తమ్ముడి కూతురు సేడీ 1921లో అమెరికాలో అర్థశాస్త్రంలో పీహెచ్‌డీ సాధించిన తొలి నల్లజాతి మహిళ. అంత చదివినా తగిన ఉద్యోగం ఇచ్చేవారు లేకపోతే, మళ్ళీ న్యాయశాస్త్రం చదివి 1927లో లాయరయింది. మూడు తరాల్లో ఇటుకల బట్టీ నుంచి డాక్టరేట్ దాకా! ఆ కాలువ పెంచిన న్యూయార్క్ నగరంలోనే, కొలంబియా విశ్వవిద్యాలయంలో, 1913 నుంచి 1916 దాకా బాబాసాహెబ్ అంబేద్కర్ అర్థశాస్త్రం చదివారు. ఆయన్ను అక్కడికి చేర్చింది బరోడా సంస్థానం ఇచ్చిన స్కాలర్‌షిప్పు. దాని వల్ల ఆయన మేధస్సు తక్కువైందని ఎవరనగలరు?

రైళ్ళు వచ్చాయి, 1882లో కాలువ సుంకాలు ఎత్తేశారు. 1918కల్లా కాలువను పెద్దది చేసినప్పుడు, రెండు వరసల్లో ఒకదాన్ని తీసేసి రెండు పెద్ద లాకులు కట్టారు. మిగిలిన పాత వరస తలుపులు లేక, నీరు దూకే మెట్లుగా చాలాకాలం పడి ఉంది. ఈమధ్యనే, 2014 నుంచి, కొన్నిటికి మళ్ళీ చెక్క తలుపులు అమర్చారు. 2021లో ఊరివారు తమ బడి ఒకదానికి ఆరన్ మోసెల్ పేరు పెట్టుకున్నారు. ఆలస్యమైనా మంచి పనే.

తలుపులు చెడిపోతే లాకు ఉన్నా లేనట్టే. మన హాస్టళ్ళూ అంతే. కిటికీలకు తలుపులు లేకపోయినా, మెస్ బిల్లులు నెలల తరబడి రాకపోయినా, లైబ్రరీ గదికి తాళం పడినా అది ఎవరో ఇచ్చే దానంలో లోటు కాదు, ప్రజల డబ్బుతో కట్టిన దారిలో గండి. అడగడం మన హక్కు. ఉద్యోగాల్లో స్థిరపడిన పూర్వ విద్యార్థులకు నాదొక మనవి. మీరు పైకెక్కి వచ్చిన గది ఇప్పుడెలా ఉందో ఏడాదికొకసారి వచ్చి చూడండి. మీ వెనక ఇంకా పడవలున్నాయి.

తమ్ముళ్ళూ, చెల్లెళ్ళూ! ఎవరైనా మిమ్మల్ని ఎక్కడ ఉంటున్నారని అడిగితే, హాస్టల్ పేరు పూర్తిగా, స్పష్టంగా చెప్పండి.