ఎముక చిరునామా సరిగా రాద్దాం

పిల్లలూ! మీ కుడిచేతి బొటనవేలిని బాగా వెనక్కు చాచి పైకెత్తండి. వేలి మొదట్లో, మణికట్టు పక్కన ఒక చిన్న గుంట పడింది, చూశారా? పూర్వం పెద్దవాళ్లు ఆ గుంటలో చిటికెడు ముక్కుపొడుం వేసుకొని పీల్చేవారు. అందుకే శరీర నిర్మాణ శాస్త్రజ్ఞులు దానికి "ముక్కుపొడుం డబ్బా" అనే పేరే పెట్టారు! ఆ గుంట అడుగున జీడిపప్పంత ఎముక ఒకటి ఉంది. దాని పేరు స్కేఫాయిడ్. గ్రీకు భాషలో పడవ అనే మాట నుంచి ఆ పేరు వచ్చింది. ఈ పడవ ఎముక నాకు నేర్పిన పాఠం ఒకటి మీకు చెప్పాలి.

కొన్నేళ్ల క్రితం మా బడిలో పదో తరగతి అబ్బాయి ఒకడు మధ్యాహ్నం విరామంలో చింతచెట్టెక్కి, కాలు జారి పడ్డాడు. పడుతూ పడుతూ అరచేయి నేలకు ఆనించాడు. "ఏం కాలేదు మాస్టారూ, బెణికిందంతే" అన్నాడు. వాపు కూడా పెద్దగా లేదు. బడి రిజిస్టరులో "చేయి బెణికింది" అని రాసినవాణ్ణి నేనే. ఆస్పత్రికి పంపిన చీటీలోనూ అదే రాశాను. అక్కడ ఎక్స్‌రే తీశారు. విరిగిన గుర్తు కనబడలేదు. వాళ్లూ "మణికట్టు బెణుకు" అనే రాసి, నొప్పి తగ్గకపోతే పది రోజుల తర్వాత మళ్లీ రమ్మన్నారు. ఇంట్లోవాళ్లు "బెణుకే కదా" అనుకొని ఆముదం రాసి ఊరుకున్నారు. నాలుగు నెలల తర్వాత ఒకరోజు వాడు బోర్డు మీద లెక్క చేస్తూ, నొప్పి భరించలేక సుద్దముక్క వదిలేశాడు. అప్పుడు తీసిన ఎక్స్‌రేలో పడవ ఎముక రెండు ముక్కలై, అతుక్కోకుండా ఉంది. ఆపరేషన్ చేయవలసివచ్చింది. చేయి దక్కింది గాని, మణికట్టు నేటికీ పూర్తిగా వంగదు.

ఇలా ఎందుకు జరిగింది? మణికట్టులో 8 మణిబంధాస్థులు నాలుగేసి చొప్పున రెండు వరుసలుగా ఉంటాయని మీరు చదువుకున్నారు. వాటిలో ఎక్కువగా విరిగేది స్కేఫాయిడే. దీనికి రక్తం చేరే తీరు విచిత్రం. రక్తనాళాలు ఎక్కువ భాగం వేళ్ల వైపు కొన నుంచి లోపలికి వెళ్లి, మోచేతి వైపుకు వెనక్కు ప్రవహిస్తాయి. ఎముక నడుమ విరిగితే వెనుక ముక్కకు రక్తం అందకపోవచ్చు. అప్పుడది అతుక్కోదు, ఒక్కొక్కసారి నిర్జీవమవుతుంది కూడా. పైగా సన్నని చీలిక మొదటి రోజు ఎక్స్‌రేలో కనబడకపోవచ్చు. అందుకే ముక్కుపొడుం గుంటలో నొక్కితే నొప్పి పుడుతున్నప్పుడు, ఎక్స్‌రే బాగానే ఉన్నా, విరిగిందేమోనన్న అనుమానంతో చేతిని కదలకుండా కట్టి, 10 నుంచి 14 రోజుల తర్వాత మళ్లీ పరీక్షిస్తారు. ఎం.ఆర్.ఐ. సౌకర్యం ఉన్నచోట ముందే తెలుసుకోవచ్చు.

ఇక రాత సంగతికి వద్దాం. రోగికి ఏమైందో ప్రపంచమంతటా ఒకే పద్ధతిలో రాసుకోవడానికి "అంతర్జాతీయ వ్యాధుల వర్గీకరణ" అనే పట్టిక ఉంది. 1893లో ఫ్రెంచి గణాంకవేత్త జాక్ బెర్టిలాన్ మరణ కారణాలకు ఒక పట్టిక తయారుచేశాడు. దీనికి మూలం అదే. 1948లో ప్రపంచ ఆరోగ్య సంస్థ ఆరవ సవరణతో ఈ బాధ్యత చేపట్టి, మరణాలతో పాటు జబ్బులనూ గాయాలనూ అందులో చేర్చింది. 1990లో ఆమోదించిన పదవ సవరణ కోడ్‌లు చాలా దేశాల్లో వాడుకలోకి వచ్చాయి. పదకొండవది 2022 జనవరి 1 నుంచి అమలులోకి వచ్చింది.

ఈ కోడ్ మన పిన్ కోడ్ వంటిది. మన దేశంలో పిన్ కోడ్ 1972 ఆగస్టు 15న మొదలైంది. రామాపురాలు ఎన్నో ఉన్నాయి కదా! ఉత్తరం సరైన రామాపురానికి చేరాలంటే అంకెలు కావాలి. ఎముకల పేర్లలోనూ ఈ చిక్కుంది. మన పడవ ఎముకకు లాటిన్‌లో పడవ అనే అర్థం వచ్చే మరో పేరుంది: నావిక్యులర్. పాదంలోనూ నావిక్యులర్ అనే ఎముక ఒకటుంది! పేరొక్కటే రాస్తే చేతిదా, కాలిదా? పదవ సవరణ ప్రకారం చేతి పడవ ఎముక విరిగితే "ఎస్ 62.0" అని రాస్తారు. పాదంలోని ఎముకైతే "ఎస్ 92.2" కిందికి వెళుతుంది.

మనం మామూలుగా "మణికట్టు విరిగింది" అనే మాట కూడా అస్పష్టమే. చాలాసార్లు విరిగేది మణిబంధాస్థి కాదు, ముంజేతిలోని రత్ని ఎముక కింది కొన. దాని కోడ్ "ఎస్ 52.5". రెండింటికీ చికిత్స వేరు, అతుక్కునే తీరు వేరు. రెంటినీ ఒకే గడిలో వేస్తే లెక్క తప్పుతుంది, వైద్యమూ తప్పవచ్చు.

గాయానికే కాక, కారణానికీ కోడ్ ఉంది. చెట్టు మీద నుంచి పడితే "డబ్ల్యు 14". బడిలో పడితే దానికి చివర 2 చేరుతుంది, పొలంలోనైతే 7. తాటిచెట్టు మీద నుంచి పడిన గీత కార్మికుణ్ణి తలుచుకోండి. కాగితం మీద "చేయి విరిగింది" అని మాత్రమే రాస్తే ఆ చెట్టు లెక్కలోకి రాదు. ఎందరు అలా పడుతున్నారో తెలియకపోతే వారికి రక్షణ సాధనాలు కావాలని గట్టిగా అడిగేదెలా?

"ఇదంతా గుమాస్తా పని, రోగి అంకె కాడు" అని కొందరు పెద్దలు అంటారు. రోగి అంకె కాడన్నది నిజమే. కాని అంకె తప్పితే బాధపడేది ఆ రోగే. మరికొందరు గడులు పెంచితే చాలంటారు. అమెరికాలో 2015 అక్టోబరు 1 నుంచి వాడుతున్న పట్టికలో కుడిచేయా, ఎడమచేయా, మొదటి చికిత్సా, అతుక్కోని ఎముకా అన్నవి కూడా తెలిపే 7 స్థానాల కోడ్‌లు ఉన్నాయి. అది మంచిదే. అయితే ఎన్ని గడులున్నా, వాటిలో పెట్టే మాట నిజం కాకపోతే ఏం లాభం?

నా అభిప్రాయం ఇది. కోడ్ రాయడం ఆస్పత్రి గదిలో మొదలు కాదు. పడినవాడు చెప్పే మొదటి మాటతో, మాస్టారు రాసే మొదటి చీటీతో మొదలవుతుంది. నేను చూసింది నొప్పి, రాసింది బెణుకు. బెణుకుకు వేరే కోడ్ ఉంది: "ఎస్ 63.5". ఆ రోజుకు నిజమైన మాట "మణికట్టుకు గాయం, ఏమిటో ఇంకా తేలలేదు". దానికీ పట్టికలో చోటుంది: "ఎస్ 69.9". తెలిసి కూడా ఆ గడిలో వేస్తే అది సోమరితనం. తెలియనప్పుడు అందులో వేయడం నిజాయితీ. "తేలలేదు" అని రాసి ఉంటే పదో రోజున ఎవరో ఒకరు "తేలిందా?" అని అడిగేవారు. "బెణుకు" అన్న మాట ఆ ప్రశ్ననే మూసివేసింది.

ప్రయోగశాలలో మీకు నేను చెప్పేది కూడా ఇదే కదా: చూసింది రాయండి, ఊహించింది రాయకండి. కనుక ఈసారి మీలో ఎవరైనా చేయి ఆనించి పడితే నాలుగు సంగతులు చెప్పండి. ఏ చేయి? ఎక్కడ నొక్కితే నొప్పి? ఎలా, ఎక్కడ పడ్డారు? ఎన్ని రోజులైంది? వాపు లేదని, సిగ్గని దాచకండి. మళ్లీ రమ్మన్న రోజున తప్పక వెళ్లండి.

మా బడి రిజిస్టరులో ఇప్పుడు "చేయి బెణికింది" అనే మాట కనబడదు. "కుడి మణికట్టు, బొటనవేలి వైపు నొప్పి, చెట్టు మీద నుంచి పడ్డాడు, కారణం తేలాలి" అని ఉంటుంది. రెండు మాటల చోట రెండు వరుసలు పడుతున్నాయి. ఆ కాస్త సిరాకు మనం వెనుకాడకూడదు.